ముప్పై ఏళ్ళు ముందొచ్చిన పుట్టినరోజు

మా మూస్‌లింగ్ ఊళ్ళో బెన్నో హాంకె అనే మనిషి తన ఎనభయ్యో పుట్టినరోజును యాభయ్యో ఏట చేసుకున్నాడు. ఆ పాపానికి ఆ సాయంత్రమే చర్చి గడియారం ఊడి బీరు బండి మీద పడింది. బండికి కట్టిన గుర్రాలు రెండూ మూర్ఛపోయాయి.

గడియారమంతా పడలేదు లెండి. పెద్ద ముల్లు ఒక్కటే. అది కూడా పడిందని గట్టిగా అనలేం, మేకు వదులై ఆరు అంకె మీదికి వేలాడింది. గుర్రాల సంగతంటారా, అప్పటికే మా బీరువాళ్ళు లారీ కొనేశారు. కాని పుట్టినరోజు మాత్రం నిజం. ఆ రోజు వాకిట్లో బాకా ఊదినవాళ్ళు ఇద్దరు ఇంకా బతికే ఉన్నారు, వెళ్ళి అడగొచ్చు.

మా బవేరియా వైపు పుట్టినరోజు శుభాకాంక్షలు ఒక్క పూట ముందు చెప్పినా అరిష్టం. పొరపాటున ఎవరైనా నోరు జారితే పక్కవాళ్ళు మోచేత్తో పొడుస్తారు. కేకు కొయ్యాలన్నా, గ్లాసు ఎత్తాలన్నా ఆ రోజు తెల్లవారాల్సిందే. అలాంటి ఊరు ఒక మనిషికి ముప్పై ఏళ్ళు ముందుగా, బ్యాండు మేళంతో, ఫాదర్ గారి దీవెనతో సహా శుభాకాంక్షలు చెప్పింది. ఎలా చెప్పిందో తెలియాలంటే ముందు హాంకె ముసలివాడెలా అయ్యాడో చెప్పుకోవాలి. ఎందుకంటే ఆయన ముప్పై మూడో ఏటే ముసలివాడయ్యాడు.

హాంకె మా ఊరివాడు కాదు. తూర్పున సైలీషియాలో పుట్టి, యుద్ధానికి ముందు అక్కడి నాటకశాలలో ఒకే ఒక్క సీజను ప్రేమికుడి వేషాలు వేశాడు. తర్వాత సైన్యం, ఆ తర్వాత ఖైదీల శిబిరం. పంతొమ్మిది వందల నలభై ఆరు చలికాలంలో మా స్టేషన్లో దిగేసరికి ముందు పళ్ళు లేవు, తలమీద వెంట్రుక లేదు, వెనక్కి పోదామంటే ఊరు లేదు. ఆఫీసువాళ్ళు అలా ఊరు పోగొట్టుకున్న శరణార్థులని ఇంటికొకరి చొప్పున పంచుతుంటే ఆయన విధవరాలు జెంజి మోజర్ వాటాకి వచ్చాడు.

జెంజి ఆయన్ని కిందినుంచి పైదాకా చూసి, పెరట్లో మేకల కొట్టు తలుపు తీసింది.

"ఇదిగో, ఇదీ గది. అదీ మేక. రెండిట్లో దేన్నీ పాడుచెయ్యకండి."

"మేకకేమైనా అభ్యంతరమా అండీ?" అన్నాడు హాంకె.

"దానికి మీలాగా నోరు లేదు," అని తలుపు వేసేసింది.

ఒక చలికాలమంతా ఆయన ఆ కొట్లోనే ఉన్నాడు. వసంతం వచ్చాక జెంజి ఏమనుకుందో ఏమో, ఏమీ చెప్పకుండా పొయ్యి ఉన్న పై గదిలో మంచం వేయించింది. ఇక పదిహేడేళ్ళు ఆయన ఆ గది వదల్లేదు. మేకల కొట్టు మాట ఆవిడా ఎత్తలేదు, ఆయనా ఎత్తలేదు.

ఆ రోజుల్లోనే, పక్క పట్నంలో హాంకె వేషం అడగబోయిన నాటకశాల తగలబడింది. దుస్తులన్నీ బూడిదయ్యాయి, ఒక్క తాతయ్య కోటు తప్ప. అది లోపలి గుడ్డ మార్పించడానికి దర్జీ దగ్గరుండి బతికిపోయింది. మేనేజరు దాన్ని దులిపి పైకెత్తి, "ఈ కోటు ఎవడికి పడితే వాడే తాత," అన్నాడు. అది యుద్ధానికి ముందు, కడుపు నిండా తినే రోజుల్లో కుట్టిన కోటు. వేసుకున్న ప్రతివాడూ దుప్పటి కప్పుకున్న దొంగలా ఉన్నాడు. హాంకె వేసుకుంటే మాత్రం, ఒకప్పుడు ఇంత మనిషై ఉండి ఇప్పుడు ఎండిపోయిన ముసలాయన నిలబడ్డట్టయింది. మేనేజరు ముందు నవ్వాడు, తర్వాత ముక్కు చీదుకున్నాడు.

"వయసెంత మీకు?"

"ముప్పై మూడు."

"ఎవరికీ చెప్పకండి."

తర్వాత దేశానికి నవ్వాలనిపించింది. మ్యూనిక్ శివార్లలో స్టూడియోలు మళ్ళీ తెరుచుకున్నాయి, ఏడాదికి బోలెడన్ని హాస్య చిత్రాలు వచ్చాయి. ప్రతి దాంట్లో కొండ ఉంటుంది, గడ్డివాము ఉంటుంది, వాన ఉంటుంది, పెళ్ళికి అడ్డొచ్చే మామ ఉంటాడు. వీటన్నిటి మధ్యా ఒక తాతయ్య ఉండాలి. అవసరమైనప్పుడు చెవుడు రావాలి, అవసరం తీరాక పోవాలి. వాగులో పడాలి, పైపు తడవకుండా లేవాలి. చివర్లో ప్రేమికులిద్దర్నీ గడ్డివాములోకి తోసి తలుపు గొళ్ళెం పెట్టాలి. ఆ తాతయ్య హాంకె. పెద్ద పెద్ద హీరోల పేర్లు మరిచిపోయినవాళ్ళు కూడా ఆయన మొహం చూస్తే, "అరె, తాతయ్య!" అనేవాళ్ళు.

ఆయన కిటుకు ఒక్కటే. ఎడమ బూటులో ఒక ఎండు బఠానీ గింజ వేసుకునేవాడు. నడుం వంచక్కర్లేదు, చెయ్యి వణికించక్కర్లేదు, బఠానీయే నడిపించేది. ముందు కట్టుడు పళ్ళు తీసి జేబులో వేసుకుంటే మిగిలింది మొహం చూసుకునేది.

కొడుకు వేషం వేసినవాళ్ళలో ఆయనకంటే చిన్నవాడు ఒక్కడు లేడు. కూతురి వేషం మాత్రం ఎప్పుడూ ఒకావిడే వేసేది. ఇర్మ్‌గార్ట్ టోమ్‌సెన్. ఉత్తరాన సముద్రపు ఒడ్డు మనిషి, పొడుగరి, నవ్వితే గుర్రం సకిలించినట్టుండేది. మొదటి సినిమా షూటింగులో ఆవిడ ఆయన కాళ్ళ దగ్గర ముక్కాలిపీట మీద కూచుని ఆలుగడ్డలు వలిచే సన్నివేశం. లైట్లు సర్దుతున్నప్పుడు తల ఎత్తి మెల్లిగా అడిగింది.

"నిజం చెప్పండి నాన్నగారూ, మీరు పుట్టింది ఏ ఏడు?"

"పదమూడు."

ఆవిడ కత్తి ఆగింది. "నాది పదకొండు. ఎక్కడైనా అన్నారో, ఈ ఆలుగడ్డ మీ నోట్లో ఉంటుంది."

"నోట్లో పళ్ళు లేవమ్మా, నాకేం భయం?"

ఆ సకిలింపుకి సౌండ్ మనిషి చెవులమీంచి హెడ్‌ఫోన్లు లాగి పారేశాడు. అప్పటినుంచి ప్రతి సినిమాలో వాళ్ళు తండ్రీకూతుళ్ళు. షూటింగులు లేనప్పుడు ఆవిడ ఎక్కడుందో ఆయన అడిగి తెలుసుకునేవాడు. అడిగినట్టు కనబడకుండా అడిగేవాడు.

యాభై మూడులో వచ్చింది ఆయన్ని ఇంటింటికీ తీసుకెళ్ళిన సినిమా. అందులో నవంబరులో వచ్చే మార్టిన్ పండుగనాడు తాతయ్యకి డెబ్భయ్యో పుట్టినరోజు. బాతు వేపుడు చుట్టూ కుటుంబమంతా కూచుంటే తాతయ్య బాతు పెట్టిన బల్ల కింద దాక్కున్న పిల్లిని చూసి చేసే ఉపన్యాసం ఊరంతటికీ కంఠతా వచ్చు. అప్పుడు హాంకె వయసు నలభై.

పేరొచ్చింది, తిండికి లోటు లేదు. ఒక్కటే కొరత. తాతయ్యలకి నుదుటిమీదే ముద్దులు. ఒకసారి స్టూడియో క్యాంటీన్లో ఆయనే అన్నాడు: "ఈ దేశంలో నా నుదురు ముద్దుపెట్టుకోని నటి లేదు. నుదురు అరిగిపోయింది. మూతి మాత్రం పెట్టెలోంచి తీసిన కొత్త పింగాణీలా ఉంది." అందరూ నవ్వారు. ఇర్మ్‌గార్ట్ నవ్వలేదు, సూప్ కలుపుతూ కూచుంది.

అరవై మూడు శరత్కాలంలో ఫెల్డ్‌హౌస్ అనే డైరెక్టరు ఒక కొత్త కథ పట్టుకొచ్చాడు. యాభై ఏళ్ళ పోస్టుమాస్టరు, కొండమీద హోటలు నడిపే విధవరాలు. సినిమా అంతా పోట్లాడుకుని, చివర్లో వానలో గొడుగు పారేసి ముద్దుపెట్టుకుని పెళ్ళాడతారు. విధవరాలు ఇర్మ్‌గార్ట్. పోస్టుమాస్టరు ఎవరని చర్చ వచ్చినప్పుడు ఆవిడే హాంకె పేరు చెప్పింది.

"తాతయ్యా?" ఫెల్డ్‌హౌస్ కళ్ళజోడు తీసేశాడు. "కూతురే తండ్రిని పెళ్ళాడిందని హాల్లో కుర్చీలు విరగ్గొడతారు."

"ఆయనకి యాభయ్యే. వెళ్ళి చూడండి."

డైరెక్టరు మొండివాడే కాని అన్యాయస్థుడు కాదు. హాంకెకి ఫోను చేశాడు. "మేకప్పు లేకుండా, ఆ కోటు లేకుండా, మీ ఇంట్లోనే మిమ్మల్ని చూస్తాను. యాభై ఏళ్ళ మగాడు కనిపిస్తే వేషం మీది. మార్టిన్ పండుగనాడు ఆ దారినే వస్తున్నాను, ఇర్మ్‌గార్ట్ కూడా ఉంటుంది."

ఫోను పెట్టేశాక హాంకె మెట్లమీద కాసేపు కూచున్నాడు. పాతికేళ్ళ కింద ఒకే ఒక్క సీజను వేసిన వేషం మళ్ళీ ఒక్కసారి. అదీ ఎవరి పక్కన! మ్యూనిక్ వెళ్ళి ముదురు నీలం సూటు కుట్టించుకున్నాడు. కొత్త బూట్లు కొన్నాడు. పాత ఎడమ బూటులోని బఠానీ తీసి కిటికీ గట్టుమీద పెట్టాడు. పిచ్చుక ఒకటి వచ్చి దాన్ని పొడిచి చూసి, పనికిరాదని వదిలేసి పోయింది.

ఆయనకి తెలియనిదేమిటంటే, ఊరు కూడా ఆ రోజు కోసమే తయారవుతోంది.

మేయరు క్విరిన్ లెహ్నర్ చాలా జాగ్రత్తపరుడు. ఎనభై నిండిన ప్రతి మనిషి గుమ్మంలోకీ బుట్ట పట్టుకుని తానే వెళ్తాడు. ఒక సాయంత్రం సారాదుకాణంలో ఎవరో పిల్లి ఉపన్యాసం అప్పజెప్తుంటే ఆయనకి తట్టింది. "ఆగండాగండి. ఆ సినిమా వచ్చి ఎన్నేళ్ళు?" పది. అప్పుడు డెబ్భై అయితే ఇప్పుడు? బల్ల చుట్టూ అందరూ వేళ్ళు మడిచారు. లెక్క ఎక్కడా తప్పలేదు. ఆఫీసులో కాగితాలు చూడొచ్చుగా అంటారేమో. తెలిసిన సంగతిని ఎవరైనా వెతుక్కుంటారా? పుట్టినరోజుని దేశమంతా కళ్ళారా చూసింది.

పండుగ ఉదయం హాంకె అద్దం ముందు టై కట్టుకుంటున్నాడు. కింద వంటింట్లోంచి బాతు వేగుతున్న వాసన. పండుగనాడు ఏ ఇంట్లోనైనా బాతే, అనుమానం రావడానికేముంది? అప్పుడు వాకిట్లో బాకాలు మోగాయి.

కిటికీలోంచి చూస్తే సగం ఊరు. అగ్నిమాపక దళం బ్యాండు, ఫాదర్ గారు, కాన్వెంటు సిస్టర్లు తీసుకొచ్చిన పిల్లలు, ముందు మేయరు. ఆయన చేతిలో బుట్ట: పంది తొడ, వైను, తేనె, ఉన్ని మేజోళ్ళు, కీళ్ళ నొప్పులకి రాసుకునే తైలం.

హాంకె రెండేసి మెట్లు దిగి తలుపు తీశాడు. జనం "ఆహా" అన్నారు.

"చూశారా!" మేయరు వెనక్కి తిరిగి అరిచాడు. "ఎనభై ఏళ్ళు! ఆ దిగడం చూశారా? వెన్ను చూశారా?"

"అంతా మన ఊరి పాల మహిమ," అన్నాడు పాలవాడు.

"ఎనభయ్యా?" అన్నాడు హాంకె.

"అదిగో, ఒప్పుకోరు! హాంకె గారూ, పదేళ్ళ కింద మేమంతా చూశాం. పిల్లి కూడా సాక్ష్యం." జనం గొల్లుమన్నారు. "పరాయివాడిగా వచ్చారు. ఇంకా ఎవరైనా పరాయివాడంటే నా దగ్గరికి పంపండి. మా హాంకె మీరు."

ఆ 'మా' అన్న మాట కోసం మా ఊళ్ళో కొందరు మూడు తరాలు ఎదురుచూస్తారు. హాంకె ఆ బుట్టను భద్రంగా అందుకుని గుమ్మం పక్కన పెట్టాడు. అయినా ఆయన చేతి గడియారం చూసుకున్నాడు. డైరెక్టరు కారు ఏ నిమిషానైనా వస్తుంది. అబద్ధం చెప్పక్కర్లేదు, నిజం చెప్పి నవ్వించెయ్యొచ్చు. నవ్వించడం ఆయన వృత్తి. 'అయ్యా, నాకు యాభై, మిగతా ముప్పై సినిమావాళ్ళు అరువిచ్చారు' అంటే చాలు. మేయరు ఒక వారం తల దించుకుంటాడు, ఊరు ఒక ఏడాది నవ్వుకుంటుంది, వేషం దక్కుతుంది.

ఆయన నోరు తెరిచాడు. అప్పుడే జెంజి వంటింట్లోంచి వచ్చింది. కొప్పులో పండుగ దువ్వెన, చేతుల్లో కేకు, కేకు మీద పంచదారతో ఎనభై. ఆవిడ ఏడుస్తోంది. మా ఊళ్ళో జెంజి ఏడవగా చూసినవాళ్ళు లేరు, మొగుడు పోయినప్పుడు కూడా.

"నేనొక మాట చెప్పాలి," అంది.

"తర్వాత చెబుదువుగాని జెంజమ్మా, ముందు పాట," అన్నాడు మేయరు.

"నువ్వు ఊరుకో క్విరిన్. నీ పాట పదిహేడేళ్ళు ఆగలేదు, నాది ఆగింది." కేకు మేయరు చేతుల్లో పెట్టేసింది. "హాంకె గారూ, వాళ్ళు ఎనభై అన్నప్పటినుంచీ లెక్క వేస్తూనే ఉన్నాను. మీరొచ్చిననాటికి అరవై మూడు. అరవై మూడేళ్ళ మనిషిని మంచులో, మేకల కొట్లో పడుకోబెట్టాను. పైన గది ఖాళీగా ఉంది. పొయ్యి ఉంది. కట్టెలూ ఉన్నాయి. పరాయివాడు, ఏమవుతాడులే అనుకున్నాను. ప్రతి ఈస్టరుకీ ఫాదర్ గారి దగ్గర చెప్పుకున్నాను, ఆయన క్షమించేశారు. ఆయనదేం పోయింది? కొట్లో పడుకున్నది ఆయనా?"

ఫాదర్ గారు బూట్లవైపు చూసుకున్నారు.

"మీరొక్కరే పల్లెత్తు మాట అనలేదు. తిట్టండి. అందరి ముందూ తిట్టండి."

అంతలో వీధి మలుపులో కారు చప్పుడు వినిపించింది. నల్ల కారు, ముందు సీట్లో కళ్ళజోడు, పక్కన పొడుగాటి ఆడమనిషి టోపీ. జనం అడ్డంగా ఉండటంతో అది గేటు దగ్గర ఆగిపోయింది.

హాంకె కారును చూశాడు. జెంజిని చూశాడు. అప్పుడు నాకు ముప్పై మూడేనమ్మా, ఏం కాలేదు, అంటే ఆవిడ కళ్ళు తుడుచుకునేది, 'అయితే పోనీలెండి' అనేది, ఈ మాట ఇంకెప్పుడూ ఎత్తేది కాదు. కాని ఆ కొట్లో, మేక పొట్టకి వీపు ఆనించి, పళ్ళు లేని నోటితో గడ్డకట్టిన రొట్టె చప్పరిస్తూ, తన ఊరి వీధుల పేర్లు ఒకటొకటిగా మరిచిపోతూ పడుకున్న మనిషికి ముప్పై మూడేళ్ళా? ఆ చలికాలం ఆయనకి ఎనభయ్యే. ఆ మనిషిని ఇంతవరకూ ఎవరూ క్షమాపణ అడగలేదు. అడుగుతారని తాను కాచుకుని కూచున్నట్టు ఆయనకి కూడా ఆ నిమిషందాకా తెలియదు.

అబద్ధాల్లో చిన్నవీ పెద్దవీ ఉంటాయనీ, కొన్నిటికి ఒక ప్రార్థన చాలనీ కాన్వెంటు సిస్టర్లు పిల్లలకి నేర్పుతారు. హాంకె చేసినదాన్ని ఏ లెక్కలో వెయ్యాలో ఆ రోజు అక్కడున్న సిస్టర్లకి కూడా తెలియలేదు, ఎందుకంటే అది నిజమే అనుకుని వాళ్ళూ ఏడ్చారు.

ఆయన కట్టుడు పళ్ళు తీసి కొత్త సూటు జేబులో వేసుకున్నాడు. ఎడమ కాలు కొంచెం లోపలికి తిరిగింది. బూటులో బఠానీ లేదు. మెట్టు దిగడానికి ఒక చెయ్యి గాల్లో ఆసరా వెతికింది, జెంజి వెంటనే భుజం ఇచ్చింది. రెండు నిమిషాల కింద పరిగెత్తుకొచ్చిన మనిషే కదా అని ఎవరికీ గుర్తు రాలేదు.

"జెంజమ్మా," అన్నాడు, "ఆ మేక పేరేంటి?"

"మేకకి పేరెక్కడిదండీ."

"నేను పెట్టుకున్నాను. ఇప్పుడు చెప్పనులే, నీకు కోపమొస్తుంది. అది గురక పెట్టేది కాదు. పైన నీ పక్కగదిలోకి వచ్చాకే నాకు గురకంటే ఏంటో తెలిసింది."

ఏడుస్తూనే జెంజికి నవ్వొచ్చింది. హాంకె ఆవిడ చేతిని రెండు చేతుల్లోకి తీసుకున్నాడు. ఈసారి గొంతు వేరు.

"చలేసింది. నిజమే, చాలా చలేసింది. నువ్వు అడిగావు కాబట్టి చెప్తున్నాను. అడిగావు కదా, ఇక వెచ్చగానే ఉంది. పద, బాతు మాడిపోతోంది."

బ్యాండువాళ్ళు వాయించడం మరిచిపోయారు. ఎవరో మోచేత్తో పొడిస్తే మొదలుపెట్టారు, ముగ్గురు ఒక పాటా మిగతావాళ్ళు ఇంకో పాటా.

కారులో ఫెల్డ్‌హౌస్ కళ్ళజోడు తుడుచుకున్నాడు.

"ఇర్మ్‌గార్ట్, నువ్వు నన్ను మోసం చేశావు. ఎనభై కాకపోతే ఎనభై రెండు. ఈ పెద్దాయన్ని వానలో నిలబెట్టి ముద్దుపెట్టిస్తే మర్నాడు నన్ను జైల్లో వేస్తారు."

"మీరు చూసిందేంటో మీకు తెలుసా?" అంది ఇర్మ్‌గార్ట్.

"తెలుసు. యాభై ఏళ్ళ మగాడి కోసం వచ్చాను. ఇక్కడ లేడు. పద, పోదాం."

"మీరు పదండి. మా నాన్న పుట్టినరోజు, నేను రాను." తలుపు తీసుకుని దిగిపోయింది.

జనం ఆవిడకి దారి ఇచ్చారు. సినిమాల్లో కూతురు కదా, రావడమే న్యాయం అనుకున్నారు. కారు వెనక్కి తిరగడం హాంకె జెంజి భుజం మీదుగా చూశాడు. చూసి, మేయరు చేతిలోంచి కేకు అందుకుని పిల్లలకి పంచాడు.

బాతు అయిపోయి, ఊరు వెళ్ళిపోయాక వంటింటి బల్ల దగ్గర ఇద్దరూ మిగిలారు. జెంజి పెరట్లో గిన్నెలు తోముతోంది.

"బూటు విప్పండి," అంది ఇర్మ్‌గార్ట్.

"ఎందుకు?"

"విప్పండి అంటే."

ఆయన ఎడమ బూటు విప్పాడు. ఆవిడ తిరగేసి దులిపింది. ఏమీ పడలేదు.

"బఠానీ ఏది?"

"కిటికీ గట్టుమీద ఉంది. మానేశాను. ఇవాళ్టినుంచీ యాభై ఏళ్ళవాణ్ణి అవుదామని."

"అయ్యారా?"

"కారు వెళ్ళిపోయిందిగా." పళ్ళు పెట్టుకుంటూ నవ్వబోయాడు, కుదర్లేదు. "ఆ వానలో సన్నివేశం నాకు కంఠతా వచ్చు ఇర్మ్‌గార్ట్. గొడుగు ఏ చేత్తో పారెయ్యాలో కూడా చూసి పెట్టుకున్నాను."

"ఏ చేత్తో?"

"ఎడమ."

"కుడిచేత్తో ఏం చేస్తారు మరి?"

ఏం చేశాడన్నది చూసినవాళ్ళు లేరు. గిన్నెలు తీసుకుని లోపలికొచ్చిన జెంజి మాత్రం గుమ్మంలోంచే వెనక్కి తిరిగి, తోమిన గిన్నెలే మళ్ళీ తోమిందని మా ఊళ్ళో అంటారు. ఆ సాయంత్రం పండుగ ఆనవాయితీ ప్రకారం పిల్లలు లాంతర్లు పట్టుకుని చర్చి ముందు నుంచి వెళ్తుండగా గడియారం పెద్ద ముల్లు వేలాడిపోయింది. మేయరు తల గోక్కున్నాడు. అంతా సరిగ్గానే చేశాం కదా అనుకున్నాడు.

సినిమా తీశారు. పోస్టుమాస్టరుగా వియన్నానుంచి ఒక అందగాణ్ణి తెచ్చారు. ఇర్మ్‌గార్ట్ మాటిచ్చింది కాబట్టి వేసింది. ఆ అందగాడు ముద్దు సన్నివేశానికి ఉల్లిపాయలు తినొచ్చేవాడట. హాంకె అదే ఏడు మూడు సినిమాల్లో తాతయ్యగా వాగులో పడ్డాడు. బఠానీ మళ్ళీ బూటులోకి వచ్చింది. ఆ వేషం పోయిందని ఆయన ఎవరితోనూ అనలేదు. కాని వాన పడినప్పుడల్లా గొడుగు ఎడమ చేతిలోకి మార్చుకునేవాడు.

మరుసటి మే నెలలో హాంకె, ఇర్మ్‌గార్ట్ ఇద్దరూ టౌన్‌హాలుకి వచ్చారు. మా ఊళ్ళో చర్చికి ముందు అక్కడ పెళ్ళవ్వాలి, చేయించేది మేయరు. లెహ్నర్ మెడలో గొలుసు వేసుకుని, గొంతు సవరించుకుని, ఆనవాయితీ ప్రకారం అడిగాడు.

"వరుడు ఎప్పుడు పుట్టారు?"

"పంతొమ్మిది వందల పదమూడు. జులై."

మేయరు కలం ఆగిపోయింది. గదిలో సాక్షిగా జెంజి ఒక్కతే ఉంది, ఆవిడకి ఒక చెవి వినపడదు, అదృష్టంకొద్దీ ఆ చెవే ఇటువైపు ఉంది. మేయరు మెల్లిగా లేచి కిటికీలోంచి చర్చి గడియారం చూశాడు. ముల్లు బాగుచేశారు గాని కొంచెం వంకర మిగిలింది. తిరిగొచ్చేసరికి ఆయన మొహంలో రంగు లేదు.

"అంటే నేను ముప్పై ఏళ్ళు ముందు..." గొంతు తగ్గించాడు. "హాంకె గారూ, నా మీద ఒట్టు, నిజం చెప్పండి. ఆ తర్వాత మీకేమైనా కీడు జరిగిందా?"

"ఒక వేషం పోయింది."

"దేవుడా. ఏం వేషం?"

"పెళ్ళికొడుకు వేషం."

మేయరు ఆయన కోటుకి గుచ్చిన పువ్వు చూశాడు, పక్కన ఇర్మ్‌గార్ట్‌ని చూశాడు, కుర్చీలో కూలబడి చెమట తుడుచుకున్నాడు.

"వధువు ఎప్పుడు పుట్టారు?"

సరిగ్గా అప్పుడు హాంకెకి దగ్గొచ్చింది. తెరమీద కూడా ఎప్పుడూ దగ్గనంత దగ్గు. అది తగ్గేసరికి ఆవిడ చెప్పేసింది, మేయరు మళ్ళీ అడగలేదు.

ఆ తర్వాత చాలా ఏళ్ళు గడిచాయి. తాతయ్యలుండే సినిమాలు ఆగిపోయాయి. హాంకెకి నిజంగానే ఎనభై నిండే ఏడు వచ్చింది. ఆ జులైలో ఆయన గుమ్మంలోకి బుట్ట రాలేదు. కొత్త మేయరు లెక్కలో ఆ మొక్కు ఎప్పుడో చెల్లిపోయింది. హాంకె ఇర్మ్‌గార్ట్‌తో కలిసి రొట్టెల దుకాణంలో కాఫీ తాగుతుంటే, బల్ల చుట్టూ చేరినవాళ్ళు ఈ కథంతా మొదటినుంచీ చెప్పి, "నిజమేనా తాతయ్యా?" అని అడిగారు.

ఆయన కేకు ముక్క నమిలి మింగాడు.

"ఒక్క ముక్క నిజం కాదు," అన్నాడు. "జెంజి ఇంట్లో ఎప్పుడూ మేక లేదు. గడియారం ముల్లు పుట్టుకతోనే వంకర. నేను సినిమాల్లో వేషాలు వెయ్యడమేంటయ్యా, నేను పోస్టుమాస్టర్ని."